30 లక్షల లోనుకు 62 లక్షలు కట్టుడేంది? బారాణ వడ్డీ గూడ కాదు కదా!

హన్మకొండ కిరాయిదారు
అందరికీ నమస్తే. భీమారం దిక్కు ఒక ఫ్లాట్ చూసినం, 1150 ఎస్ఎఫ్‌టీ, రెడీగ ఉన్నది, 40 లక్షలు అంటున్నరు. మా దగ్గర పది లక్షలు ఉన్నయ్, మిగతా 30 లోను. బ్యాంకుల 8.5 శాతం, 20 ఏండ్లు, నెలకు 26,035 అని చెప్పిండ్రు. మా మామకు ఫోన్ చేస్తె ఆయన వేళ్ల మీద లెక్కేసి, నూటికి 71 పైసలు పడ్తున్నది బిడ్డా, బారాణ, అంటె 75 పైసలు గూడ కాదు, మేం మూడు రూపాయల వడ్డీకి తెచ్చి బోర్లు ఏసినోళ్లం, ఏం భయపడకు తీస్కో అన్నడు. నేను గూడ సరే అనుకున్న. రాత్రి నిద్ర పట్టక ఫోన్ల 26,035 ని 240 తోని గుణిస్తె 62 లక్షల 48 వేలు వచ్చింది. అంటె వడ్డీ ఒక్కటే 32 లక్షల పైన. ఇంకో ఫ్లాట్ ఖరీదు! బారాణ కన్న తక్కువ వడ్డీకి గింత ఎట్లయితదో జర ఎవరన్న సమజయ్యేటట్టు చెప్పుండ్రి. బ్యాంకాయన 30 ఏండ్లకు పెట్టుకుంటె 23,067 ఏ పడ్తది, ఈజీగ ఉంటది అని గూడ అన్నడు. నాకు ఇప్పుడు 38.

లెక్కల టీచరమ్మ
తమ్మీ, మీ మామ లెక్క తప్పు కాదు, 71 పైసలే. కానీ ఆయన బోరుకు తెచ్చిన పైసలు పత్తి అమ్మినంక రెండేండ్లల్ల తీర్చిండు కావచ్చు, నువ్వు 20 ఏండ్లు పెట్టుకుంటున్నవు. రేటు చూసినవు, కాలం చూడలే.

కాయితం తీస్కొని రాయి. మొదటి నెల 30 లక్షల మీద ఏడాదికి 8.5 శాతం చొప్పున వడ్డీ 21,250. నువ్వు కట్టేది 26,035. అసలుకు పోయింది 4,785. రెండో నెల 29,95,215 మీద మళ్ల వడ్డీ. అట్ల ఏడాది మొత్తం 3 లక్షల 12 వేలు కడ్తె అసలు తగ్గేది 60 వేలు గూడ నిండదు. ఐదేండ్లు కట్టినంక చూస్తె 15 లక్షల 62 వేలు కట్టి ఉంటవు, అప్పు ఇంక 26 లక్షల 44 వేలు ఉంటది. నా స్టూడెంట్లకు నేను ఎప్పుడూ అడిగే ప్రశ్న ఒకటుంది, 20 ఏండ్ల లోన్ల సగం అసలు, అంటె 15 లక్షలు, ఎప్పుడు తీరుతది? అందరు పదేండ్లు అంటరు. 13 ఏండ్ల 10 నెలలు పడ్తది.

బ్యాంకు మోసం ఏం చేస్తలేదు ఇక్కడ, మిగిలిన అప్పు మీదనే వడ్డీ వేస్తున్నది. అప్పు మెల్లగ తగ్గుతది కాబట్టి వడ్డీ గూడ మెల్లగ తగ్గుతది, అంతే.

30 ఏండ్లది మాత్రం ముట్టకు. నెలకు మూడు వేలు తగ్గినట్టు కనిపిస్తది, మొత్తం 83 లక్షలు అయితది. అదే 15 ఏండ్లకు పెట్టుకో, నెలకు 29,542, అంటె ఇప్పటిదానికి 3,507 ఎక్కువ, మొత్తం వడ్డీ 32.48 లక్షల నుంచి 23.18 లక్షలకు దిగుతది. నెలకు మూడున్నర వేలకు తొమ్మిది లక్షలు మిగుల్తున్నయ్. 68 ఏండ్ల వయసుల ఈఎంఐ ఎవరు కడ్తరు నీకు?

పరకాల పత్తి బేరం
మేడమ్ గారు మీరు చెప్పిన లెక్క కరెక్టే కానీ 62 లక్షలు 62 లక్షలు అని పోరన్ని భయపెట్టుడు నాకు నచ్చలే. పైస విలువ పడిపోతది గదా? 20 ఏండ్ల కింద ఏనుమాముల మార్కెట్ల క్వింటా పత్తి ఎంతకు అమ్మినం, ఇయ్యాల ఎంత. ఏటా 6 శాతం ధరలు పెరుగుతయనుకుంటె 20వ ఏడు కట్టే 26,035 రూపాయలు ఇయ్యాల్టి 8,100 లెక్కనే. జీతం పెరుగుతది, కిరాయి పెరుగుతది, ఈఎంఐ మాత్రం అట్లనే ఉంటది. ఇవ్వన్ని ఎక్సెల్‌ల ఏసుకుంట కూసున్నోడు ఎన్నడు ఇల్లు కొనడు, నా దోస్తు ఒకడున్నడు 2012 నుంచి లెక్కలేస్తనే ఉన్నడు ఇంక సుబేదారిల కిరాయి ఇంట్లనే ఉన్నడు.

లెక్కల టీచరమ్మ
అన్నా, ఆ మాట నిజమే, అన్ని రూపాయలను ఒక్క తీరుగ కూడొద్దు. కానీ పైస విలువ పడేది ఆఖరి ఏండ్లల్ల, వడ్డీ ఎక్కువ పోయేది మొదటి ఏండ్లల్ల, అంటె విలువ ఉన్న రూపాయలే వడ్డీకి పోతున్నయ్. ఇంకోటి, ఈఎంఐ అట్లనే ఉంటది అన్నరు చూడు, అది ఫ్లోటింగ్ లోన్ల, అంటె వడ్డీ రేటు మారుకుంట పోయేదాంట్ల, గ్యారంటీ లేదు. కాజీపేట అన్నను అడుగుండ్రి, ఆయన కథ పాత పోస్టుల ఉన్నది.

కాజీపేట లోకో
నన్ను పిల్చిండ్రు కాబట్టి మళ్లొకసారి చెప్త. 2022 జనవరిల తీస్కున్న, అదే 30 లక్షలు, 20 ఏండ్లు. అప్పుడు రెపో రేటు, అంటె ఆర్బీఐ బ్యాంకులకు అప్పిచ్చే రేటు, 4 శాతం, దాని మీద బ్యాంకు కలుపుకునే స్ప్రెడ్ 2.7, మొత్తం 6.7. ఈఎంఐ 22,722. మస్తు ఖుషీ అయిన. మే నుంచి ఆర్బీఐ పెంచుడు షురూ చేసింది, 2023 ఫిబ్రవరికి రెపో 6.5 కు పోయింది, నా రేటు 9.2. పేపర్ల చదువుతనే ఉన్న, కానీ నా ఖాతాల కట్ అయ్యేది అదే 22,722, ఒక్క రూపాయి పెరగలే, అందుకని నాకేం కాలేదు అనుకున్న. డ్యూటీ, పిల్లల చదువు, ఎవడు పట్టించుకుంటడు.

ఆ ఎండాకాలంల పనిలేక యాప్‌ల స్టేట్‌మెంట్ తీసిన. ఏడాదిన్నర కట్టినంక బాకీ 29 లక్షల 45 వేలు. ఆ నెల వడ్డీ 22,576. అసలుకు పోయింది 146 రూపాయలు! నూటనలభై ఆరు! అవి మా స్టేషన్ కాడ చాయ్ బిస్కెట్లకు గూడ చాలయ్. ఈఎంఐ పెంచకుంట గడువు పెంచిండ్రన్నట్టు. అదే లెక్కన పోతె అప్పు తీరేది 55 ఏండ్లకు అని మా బిడ్డ లెక్కేసి చెప్పింది, బీటెక్ చదువుతది. మెసేజ్ పంపినం అన్నరు బ్యాంకోళ్లు, వచ్చే వంద మెసేజ్‌ల ఏది చూస్తం.

పోయి మొత్తుకుంటె ముందు అనుకున్న గడువుల తీరాల్నంటె 27,650 దాక కట్టాలె అన్నరు. కట్టిన, ఏం చేస్త. అంటె ఐదు వేలు ఒక్కసారే పెరిగింది. తర్వాత అదే ఏడాది ఆగస్టు 18 న ఆర్బీఐ ఒక సర్క్యులర్ ఇచ్చింది, రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచాల్నా, గడువు పెంచాల్నా, రెండు కలిపి చెయ్యాల్నా అని మనను అడగాలె, మూడు నెలలకోసారి ఎంత వడ్డీకి పోయింది ఎంత అసలుకు పోయింది ఇంక ఎన్ని ఈఎంఐలు ఉన్నయ్ అని కాయితం ఇయ్యాలె అని. అది ముందుగాల ఉంటె బాగుండు.

కాబట్టి తమ్మీ, నెల నెలా ఈఎంఐ ఎంత అని చూడకు. ఇంక ఎన్ని నెలలు ఉన్నయ్ అనే అంకె చూడు. అది నెలకు ఒక్కటి తగ్గాలె. తగ్గకపోతె లేసి పో.

హన్మకొండ కిరాయిదారు
అన్నా 146 రూపాయలు చదివి మా ఆవిడ ఫోన్ నా చేతుల నుంచి గుంజుకొని మళ్ల చదివింది. మరి ఇప్పుడు రేట్లు తగ్గినయ్ అంటున్నరు గదా, మీది తగ్గిందా?

కాజీపేట లోకో
తగ్గింది. 2025 ఫిబ్రవరి నుంచి తగ్గిస్తున్నరు, జూన్ కల్లా రెపో 5.5 అయింది, డిసెంబరుల 5.25. నా రేటు గూడ దిగింది, ఈఎంఐ తగ్గిస్తమంటె వద్దన్న, 27,650 అట్లనే ఉంచి గడువు తగ్గించుమన్న. ఒక్కసారి అలవాటైనంక ఆ ఐదు వేలు మనవి కావు అనుకున్న.

మాజీ బ్యాంకోడు
నేను 26 ఏండ్లు బ్యాంకుల చేసి వీఆర్‌ఎస్ తీస్కొని ముందే రిటైరైనోన్ని కాబట్టి ఇవతలి పక్క నుంచి చెప్త.

మొదటిది, 8.5 ఎందుకు ఒప్పుకున్నవ్? రెపో 5.25 ఉన్నప్పుడు నీ మీద స్ప్రెడ్ 3.25 వేస్తున్నరన్నట్టు. సిబిల్ స్కోరు (అప్పులు సక్కగ కడ్తున్నవా అని చూపే మార్కులు) బాగుంటె ఇంకో రెండు బ్యాంకులు తిరుగు. 8 కి దొరికినా మొత్తం వడ్డీల 2 లక్షల 26 వేలు తక్కువ. బ్యాంకు లోనయితె 2019 అక్టోబరు నుంచి ఇంటి ఫ్లోటింగ్ లోన్లు బయటి రేటుకు, ఎక్కువగ రెపోకే, ముడిపెట్టి ఉంటయ్, మూడు నెలలకు కనీసం ఒకసారి మారాలె. హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీ అయితె వాళ్ల సొంత రేటు ఉంటది, రెపో దిగినంత తొందరగ అది దిగదు, పెరిగేటప్పుడు మాత్రం మంచిగనే పెరుగుతది, ఏం చెప్తం.

రెండోది ఇన్సూరెన్స్. సంతకాలప్పుడు ఒక కాయితం మధ్యల పెడ్తరు, లోన్ సురక్ష అది ఇది అని, ఒకే ప్రీమియం 60 వేలు అనుకో, నీ చేతి పైసలు కాదు సార్ లోన్ల కలిపేస్తం అంటరు. ఆ 60 వేలు గూడ 20 ఏండ్ల అప్పే, తీరేసరికి లక్షా పాతిక వేలు అయితది. మా బ్రాంచిల నేను గూడ టార్గెట్ల కోసం అమ్మిన, అబద్ధం ఎందుకు. కవర్ కావాలె, అది నిజం, ఇంటాయనకు ఏమన్న అయితె ఇల్లు పోవద్దు. కానీ విడిగ టర్మ్ పాలసీ తీస్కుంటె ఏటేటా కడ్తవు, లోన్ ముందు తీరినా పాలసీ నీకే ఉంటది. బ్యాంకు దగ్గర్నే తీస్కోవాలె అని రూల్ లేదు.

మూడోది చేతి ఖర్చు. రిజిస్ట్రేషన్ తెలంగాణల 2021 జులై 22 నుంచి మొత్తం 7.5 శాతం, 40 లక్షల మీద 3 లక్షలు. అది బ్యాంకు ఇయ్యదు. ప్రాసెసింగ్ ఫీజు, దాని మీద 18 శాతం జీఎస్టీ, లీగల్ ఒపీనియన్, వాల్యుయేషన్, తనఖా కాయితం స్టాంపు, ఇవ్వన్ని వేలల్లనే కానీ కలుపుకుంటె బైక్ పైసలు. నీ పది లక్షలు డౌన్ పేమెంట్‌కే పోతె ఈ మూడున్నరకు ఎటుపోతవ్?

హన్మకొండ కిరాయిదారు
అదే సార్, బంగారం కుదవపెడ్దామని…

లెక్కల టీచరమ్మ
చూసినవా, అసలు సంగతి ఇప్పుడు చెప్తున్నవు! రెండు ఈఎంఐలు ఒక్కసారే షురూ అయితయ్ తమ్మీ. చిట్టీ ఏమన్న ఉన్నదా?

హన్మకొండ కిరాయిదారు
ఉన్నది అక్కా 5 లక్షలది, ఇంక 11 నెలలు. పాట పాడితె ఇప్పుడు నాలుగు లోపే చేతికొస్తది.

జగిత్యాల టు షార్జా
నేను 2016 ల తీస్కొని 2024 ల మూసేసిన, గల్ఫ్ పైసలు కాబట్టి అయింది, అందరికి కాదు. కానీ ఒక్కటి నేర్చుకున్న, ముందు కట్టిన రూపాయికి ఉన్న బలం తర్వాత కట్టిన రూపాయికి ఉండదు. తమ్మి లోన్ లెక్కనే చూద్దాం. మొదటి ఏడాది ఆఖర్ల ఒక లక్ష ఎక్స్‌ట్రా కట్టి, ఈఎంఐ అట్లనే ఉంచి గడువు తగ్గించుమంటె 18 ఈఎంఐలు మాఫీ అయినట్టే, అంటె 4 లక్షల 70 వేలు. అదే లక్ష 15 ఏండ్లు నిండినంక కడ్తె ఆరు ఈఎంఐలు గూడ పూర్తిగ తగ్గవు, లక్షన్నర. ఫ్లోటింగ్ రేటు ఇంటి లోన్ మీద ముందు కట్టినందుకు మనిషి దగ్గర ఫైన్ వసూలు చెయ్యొద్దు, 2012 లనే ఆర్బీఐ బ్యాంకులకు చెప్పింది. ఫిక్స్‌డ్ అయితె చూస్కోవాలె.

ఏడాదికి ఒక్క ఈఎంఐ ఎక్కువ కట్టు చాలు, బోనస్ వచ్చినప్పుడు. 20 ఏండ్లది 16 ఏండ్ల 8 నెలలకు తీరుతది. లేదా జీతం పెరిగినకొద్ది ఏటా ఈఎంఐ ఐదు శాతం పెంచుకుంట పో, రెండో ఏడు 27,337, అట్ల. 12 ఏండ్ల మూడు నెలలకు ఖతం, వడ్డీ 21 లక్షల లోపు. పరకాల అన్న చెప్పిండు చూడు జీతం పెరుగుతది ఈఎంఐ అట్లనే ఉంటది అని, ఆ మిగిలేదాన్ని వాడుకునే దారి ఇది.

పరకాల పత్తి బేరం
ఇది బాగున్నది. ఒప్పుకుంటున్న. కానీ ట్యాక్స్ మిగిలేది ఎవరు లెక్కవెట్టలే?

మాజీ బ్యాంకోడు
పాత రెజీమ్‌ల (పాత ట్యాక్స్ పద్ధతిల) ఉంటేనే అన్నా. వడ్డీకి 2 లక్షల దాక, అసలుకు లక్షన్నర దాక మినహాయింపు, 20 శాతం స్లాబుల ఉన్నోనికి 2 లక్షల వడ్డీ మీద సెస్సుతో కలిపి 41,600 మిగుల్తది. కొత్త రెజీమ్‌ల సొంతంగ ఉండే ఇంటికి ఆ వడ్డీ మినహాయింపు లేదు. ఇప్పుడు జీతగాళ్లకు కొత్తదాంట్ల 12.75 లక్షల దాక ట్యాక్సే లేదు, తమ్మి జీతం అంత లోపే అయితె లోన్ వల్ల ఒక్క రూపాయి ట్యాక్స్ మిగలదు. ట్యాక్స్ కోసం లోన్ తీస్కో అనే సలహా పాతబడ్డది.

నర్సంపేట నర్సు
రెడీ ఫ్లాట్ అని చెప్పిండు కాబట్టి అదృష్టం. మేము కట్టేటప్పుడే బుక్ చేసి బలయినం. బిల్డర్‌కు విడతలుగ 20 లక్షలు పోయినయ్, ఇల్లు చేతికి రాలే, ప్రీ ఈఎంఐ అని నెలకు 14 వేల పైన వడ్డీ ఒక్కటే కట్టినం, 18 నెలలు. రెండున్నర లక్షలు. అసలు ఒక్క రూపాయి తగ్గలే, అటు కిరాయి గూడ కడ్తిమి. 5 శాతం జీఎస్టీ అదనం. నైట్ డ్యూటీలు చేసి చేసి… ఇగ వద్దులే. ఓసీ (ఇంట్ల ఉండొచ్చు అని కార్పొరేషన్ ఇచ్చే సర్టిఫికెట్) వచ్చిందా, కార్పొరేషన్ పర్మిషన్ ఎన్ని ఫ్లోర్లకు ఉన్నదో చూడు తమ్మీ, పై ఫ్లోర్ పర్మిషన్ లేకుంట కట్టి ఉంటది కొన్ని.

ఇంకోమాట, అందరు ముందు కట్టు ముందు కట్టు అంటున్నరు. చేతిల ఉన్నదంత బ్యాంకుల పోసెయ్యకు. మా ఆయనకు యాక్సిడెంట్ అయినప్పుడు అంతకు రెండు నెలల ముందే మేం 3 లక్షలు లోన్ల కట్టినం, ఆ పైసలు వాపసు రావు గదా. ఎంజీఎం సర్కారు దవాఖానకు పోయినా బయట టెస్టులకు మందులకు పైసలే, మళ్ల రెండు రూపాయల వడ్డీకి తెచ్చినం. 71 పైసల అప్పు తీర్చి రెండు రూపాయల అప్పు చేసినట్టు అయింది.

జగిత్యాల టు షార్జా
అక్క చెప్పింది రైట్. ఆరు నెలల ఖర్చు పక్కకు పెట్టినంకనే. నేను అది చెప్పుడు మర్చిపోయిన.

కాజీపేట లోకో
లోన్ తీరినంక గూడ పని ఉంటది. మా బావది పోయిన ఏడాది తీరింది, కాయితాలు ఇయ్యడానికి తిప్పుకున్నరు. 2023 డిసెంబరు 1 నుంచి రూల్ ఉన్నది, మొత్తం కట్టినంక 30 రోజుల్ల ఒరిజినల్ కాయితాలు ఇయ్యాలె, బ్యాంకు తప్పుతోని లేటయితె రోజుకు 5 వేలు మనకే ఇయ్యాలె. ఆ మాట ఒక కాయితం మీద రాసి ఇస్తె తెల్లారే దొరికినయ్. తర్వాత రిజిస్ట్రార్ ఆఫీసుల తనఖా తీసేపిచ్చి ఈసీ (ఇంటి మీద తనఖా ఉన్నదా లేదా చూపే కాయితం) తీస్కుంటెనే పని అయినట్టు.

హన్మకొండ కిరాయిదారు
అందరికి దండాలు. మూడు రోజులైంది పోస్ట్ పెట్టి, ఏం చేసిన్నో చెప్త. ఇంకో బ్యాంకుల అడిగితె 7.9 కు ఇస్తమన్నరు, ఆ కాయితం పట్టుకొని మొదటి బ్యాంకుకు పోతె వాళ్లు గూడ 7.95 కు దిగిండ్రు! ఒక్క కాయితానికి. ఇన్సూరెన్స్ వద్దన్న, టర్మ్ పాలసీ విడిగ చూస్తున్న. 11 నెలలు ఆగి చిట్టీ ఎత్తుకొని 25 లక్షలకే లోన్ పెట్టుకుందామా అని మా ఆవిడ అంటున్నది, ఓనర్ అన్ని నెలలు ఆగుతడా అనేది డౌటు. బంగారం మాత్రం ముట్టనన్నది. మామకు టీచరమ్మ అక్క లెక్క చదివి వినిపిచ్చిన, కొద్దిసేపు ఏం మాట్లాడలే, తర్వాత, 13 ఏండ్ల 10 నెలలా, మా బోరు అప్పటికి ఎండిపోయింది గదరా అన్నడు.

పరకాల పత్తి బేరం
ఆగుమను ఓనర్‌ను, 40 కి కొనేటోళ్లు క్యూ కట్టి ఏం లేరు. అడ్వాన్స్ ఇచ్చి అగ్రిమెంట్ రాపిచ్చుకో. మెయింటెనెన్స్ ఎంత?

హన్మకొండ కిరాయిదారు
ఎస్ఎఫ్‌టీకి రెండు రూపాయలు, 2,300 పడ్తది అన్నా.

పరకాల పత్తి బేరం
అది గూడ ఈఎంఐ పక్కన రాస్కో. అది 20 ఏండ్లకు తీరేది గూడ కాదు.

నర్సంపేట నర్సు
ఏ ఫ్లోర్ తమ్మీ? చుట్టుపక్కల నాలా ఏమన్న ఉన్నదా? 2023 జులైల, మొన్న 2025 అక్టోబరుల మోంథా తుపానుకు హంటర్ రోడ్డు దిక్కు నీళ్లు ఎట్లొచ్చినయో చూసినం గదా.

హన్మకొండ కిరాయిదారు
మూడో ఫ్లోర్ అక్కా. పార్కింగ్ సెల్లార్ల ఉన్నది… ఆదివారం పోయి గోడల మీద నీళ్ల మరకలు ఉన్నయా చూస్త.